హెడ్మాస్టర్ నియామకంపై హైకోర్టుకు వెళ్లాలంటే ఎలా?

హెడ్మాస్టర్ పోస్టు రూల్సుకు విరుద్ధంగా ఇచ్చారని మీ దగ్గర ఎంత గట్టి ఆధారం ఉన్నా, కోర్టులో మొదట ఎదురయ్యే ప్రశ్న వేరు: కేసు వేయడానికి మీరెవరు? నిజంగా అన్యాయం జరిగినచోట కూడా ఈ ఒక్క ప్రశ్న దగ్గరే పిటిషన్లు కొట్టుకుపోతాయి. అందుకే అక్కడి నుంచే మొదలుపెడదాం.

1. మీ స్థానం తేల్చుకోండి

మీరు ప్రభుత్వ హైస్కూల్లో స్కూల్ అసిస్టెంట్ (సబ్జెక్టు టీచర్) అనుకోండి. మీకంటే జూనియర్‌కు హెచ్ఎం ప్రమోషన్ ఇచ్చారు. అంటే నేరుగా నష్టపోయింది మీరే. రాజ్యాంగంలోని ఆర్టికల్ 226 కింద హైకోర్టులో రిట్ (అధికారులకు ఆదేశాలివ్వమని కోరే పిటిషన్) వేయొచ్చు. ప్రమోషన్ ఇచ్చి తీరాలని అడిగే హక్కు ఎవరికీ లేదు. అర్హత ఉంటే మీ పేరు పరిశీలించి తీరాలన్నది మాత్రం హక్కే.

తల్లిదండ్రులు, ఊరి పెద్దలు అయితే పిల్ (ప్రజా ప్రయోజన వ్యాజ్యం) జోలికి వెళ్లకండి. సర్వీసు వ్యవహారాల్లో పిల్ చెల్లదని 1998లోనే దుర్యోధన్ సాహు కేసులో సుప్రీంకోర్టు చెప్పేసింది. మీకు మిగిలిన దారి కో వారెంటో రిట్. ఏ అధికారంతో ఆ పదవిలో ఉన్నారని నిలదీసే ఈ రిట్‌కు సొంత నష్టం చూపక్కర్లేదు. కానీ అది చట్టం, నిబంధనల కింద ఏర్పడిన ప్రజా పదవేనని, అందులో ఉన్నవారికి నిబంధనలు అడిగే అర్హత లేదని రుజువు చేయాలి. ‘ఇంకొకరైతే బాగా నడిపేవారు’ అన్న మాట ఇక్కడ నిలవదు.

మైనారిటీ విద్యాసంస్థల్లో సీనియారిటీ వాదన కూడా పనిచేయదు. అర్హులైన వారిలో తమకు నచ్చినవారిని ప్రిన్సిపాల్‌గా పెట్టుకునే హక్కు యాజమాన్యానిదేనని 2006లో మలంకర కాలేజీ కేసులో సుప్రీంకోర్టు తీర్పు ఉంది.

2. కాగితాలు తెచ్చుకోండి

సీనియారిటీ లిస్టు, ప్రమోషన్ ఉత్తర్వు, నిబంధనల జీవో కోసం పది రూపాయల ఫీజుతో డీఈవో ఆఫీసులో సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి. 30 రోజుల్లో జవాబివ్వాలి. లిస్టు చేతికొచ్చాక సర్వీసులో చేరిన తేదీ, డీఎస్సీ మెరిట్, డిపార్ట్‌మెంట్ టెస్టులు పాసైన తేదీలు వరుసగా సరిపోల్చండి. తేడా సాధారణంగా అక్కడే దొరుకుతుంది.

3. రాతపూర్వకంగా అభ్యంతరం చెప్పండి

ప్రొవిజనల్ (తాత్కాలిక) సీనియారిటీ లిస్టు వచ్చినప్పుడే, గడువులోగా ఇచ్చి, కాపీ మీద స్టాంపు వేయించుకోండి. అప్పుడు మౌనంగా ఉండిపోతే తర్వాత అదే మీకు అడ్డం తిరుగుతుంది.

4. ఆలస్యం చేయొద్దు

ప్రమోషన్లపై ఆరు నెలల్లో, మహా అయితే ఏడాదిలోపు కోర్టుకు రావాలని సదాశివస్వామి కేసులో సుప్రీంకోర్టు అన్నది. వినతిపత్రాలు ఇస్తూ కూర్చుంటే ఈ కాలం ఆగదు.

5. పిటిషన్ వేయండి

ఏపీలోనూ తెలంగాణలోనూ పరిపాలనా ట్రిబ్యునళ్లు (ప్రభుత్వ ఉద్యోగుల సర్వీసు కేసులు వినే సంస్థలు) రద్దయ్యాయి కాబట్టి ప్రభుత్వ టీచర్లు నేరుగా హైకోర్టుకే వెళ్లాలి. అధికారులతో పాటు ఆ పోస్టు పొందిన వ్యక్తిని కూడా ప్రతివాదిగా చేర్చండి. ఆయన మాట వినకుండా ఆయన నియామకాన్ని కోర్టు కొట్టేయదు. మీరు నష్టపోయిన టీచరైతే, ఉత్తర్వు రద్దు చేయమనడంతో సరిపెట్టక, మీ పేరు పరిశీలించమని కూడా పిటిషన్ ప్రార్థనలో (కోర్టును ఏం కోరుతున్నారో చెప్పే భాగంలో) రాయించండి.