సీరియల్‌లో చేసిన పిల్లాడు పెద్దయ్యాక: విశాఖ తల్లిదండ్రులకు

సీరియల్లో చేసే పిల్లలకి గడ్డుకాలం పన్నెండు, పదమూడేళ్లప్పుడు వస్తుంది. చంకనెక్కే కొడుకు పాత్రకి పొడవైపోతాడు, అన్న పాత్రకి చాలడు. గొంతు మారుతుంది, ఫోన్లు ఆగిపోతాయి. ఆ ఆరేడేళ్లు ఏం నేర్చుకున్నాడన్నదాన్ని బట్టే ఇరవై దాటాక మరిది, బావ, మేనమామ వేషాలు వస్తాయి.

అవకాశాలున్నప్పుడే కాగితాలు సరిగ్గా పెట్టుకోండి. 2017లో సవరించిన బాలకార్మిక నిబంధనల ప్రకారం పద్నాలుగేళ్ల లోపు పిల్లలతో చేయించాలంటే షూటింగ్ జరిగే జిల్లా మేజిస్ట్రేట్ (అంటే కలెక్టర్) అనుమతి నిర్మాత తెచ్చుకోవాలి. భీమిలిలో అయితే విశాఖ కలెక్టరేట్. అరకు 2022 నుంచి అల్లూరి సీతారామరాజు జిల్లాలో ఉంది కాబట్టి ఆ జిల్లా కేంద్రం పాడేరు వెళ్లాలి. పని రోజుకి 5 గంటలు దాటకూడదు, విరామం లేకుండా 3 గంటలు దాటకూడదు, వరసగా 27 రోజులకి మించకూడదు. పారితోషికంలో కనీసం 20 శాతం పిల్లాడి పేరనే జాతీయం చేసిన బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్ కావాలి. ఆ బాండు అడిగి తీసుకోండి, మొహమాటపడొద్దు.

గొంతు మారుతున్నప్పుడు పాత సన్నగొంతు తెప్పించాలని చూడకండి. అరుపులు, మిమిక్రీ మాన్పించి, రోజూ పావుగంట పేపరు పైకి చదివించండి.

అసలు చిక్కు ప్రాంప్టింగ్‌తో. పక్కనుంచి డైలాగు అందిస్తుంటే చెప్పడం అలవాటైన పిల్లాడు ఎదుటివాడి మాట వినడు, తన ముక్క ఎప్పుడొస్తుందా అని చెవి అటే పెడతాడు. క్లోజప్‌లో చూపు ఓరగా జారేది అందుకే. దీనికి నాటకమే మందు. కళాభారతిలోనో, గురజాడ కళాక్షేత్రంలోనో ప్రదర్శనలిచ్చే బృందంలో చిన్న వేషమైనా వేయించండి. పెద్దయ్యాక శ్రద్ధగా నేర్చుకుంటానంటే ఆంధ్రా యూనివర్సిటీలో రంగస్థల కళల విభాగం ఉంది.

మన ఉత్తరాంధ్ర యాసని దులిపేయకండి, అది ఆస్తి. "ఏరా, ఇంకా తినలేదా?" అన్న మాటనే "ఏటిరా గుంటడా, ఇంకా తిన్నేదా?" అని కూడా అనగలగాలి. అదే మాట ఒకసారి ముద్దుగా, ఒకసారి విసుగ్గా, ఒకసారి ఏడుపు దిగమింగుతూ చెప్పించండి. "గుంటడా" దగ్గర గొంతు ఎక్కడ తగ్గుతుందో వినండి. వ్యంగ్యంగా ఎగతాళిలా పలికితే మళ్లీ చేయించాలి. యాస అంటే కామెడీయే అనుకుంటే ఆ వేషాలకే పరిమితమైపోతాడు.

ఆడిషన్ వీడియో ఆర్‌కే బీచ్‌లో తియ్యొద్దు, గాలికీ కెరటాల హోరుకీ మాట వినపడదు. ఇంట్లో ఫ్యాను ఆపి, కిటికీకి ఎదురుగా నిలబెట్టి, ఫోన్ అడ్డంగా కంటి ఎత్తులో పెట్టండి. పేరు, వయసు, ఎత్తు, ఊరు, తర్వాత కుడి ఎడమ పక్కలు, ఆపైన నిమిషం నటన. ఫిల్టర్లు వద్దు. ఏడాది పాత ఫోటోలు అసలు పంపకండి. మనిషిని చూశాక పిల్లాడు వాటిలా లేకపోతే అక్కడికక్కడే వద్దనేస్తారు.

సీరియళ్ల పని ఎక్కువగా హైదరాబాద్‌లోనే. సాయంత్రం గోదావరి ఎక్స్‌ప్రెస్ ఎక్కితే పొద్దున్నే దిగొచ్చు, కానీ నిద్రలేని మొహంతో నేరుగా ఆడిషన్‌కి వెళ్తే కళ్లు ఉబ్బి కనిపిస్తాయి. ముందురోజే చేరండి. ఒప్పుకునే ముందు రోజుకి ఎంత, టిక్కెట్టు, బస ఎవరివి, డబ్బు ఎన్ని రోజులకి వస్తుంది, ఈ మూడూ వాట్సాప్‌లో రాయించుకున్నాకే డేట్లు ఇవ్వండి.