తొలగింపు ఉత్తర్వుపై క్యాట్‌కు దరఖాస్తు విధానం: గడువు లెక్క, జాప్యానికి మన్నింపు

తొలగింపు ఉత్తర్వు ఎంత అన్యాయమైనదైనా, సవాలు చేయడంలో ఆలస్యమైతే క్యాట్‌గా పిలిచే కేంద్ర పరిపాలనా ట్రైబ్యునల్ ముందుగా ఆ ఆలస్యాన్నే చూస్తుంది. ఉత్తర్వులోని తప్పొప్పుల దాకా విచారణ వెళ్లకుండానే దరఖాస్తును కొట్టివేయవచ్చు. అందువల్ల కేంద్ర ప్రభుత్వ సివిల్ ఉద్యోగులు ఉత్తర్వుతోపాటు అది వచ్చిన కవరును కూడా తపాలా ముద్రతో సహా దాచుకోవాలి. ఎప్పుడు అందిందన్న ప్రశ్నకు అదే రుజువు.

1965 నాటి సీసీఎస్ (సీసీఏ) నియమాలు, అంటే కేంద్ర సివిల్ సర్వీసుల (వర్గీకరణ, నియంత్రణ, అప్పీలు) నియమాలు వర్తించేవారు ఉత్తర్వు ప్రతి అందిన 45 రోజుల్లోగా పై అధికారికి అప్పీలు చేసుకోవాలి. ఈ మెట్టు దాటనిదే ట్రైబ్యునల్ సాధారణంగా దరఖాస్తును స్వీకరించదు. పరిపాలనా ట్రైబ్యునళ్ల చట్టం, 1985లోని 21వ సెక్షన్ ప్రకారం, అప్పీలుపై తుది ఉత్తర్వు వెలువడితే ఆ తేదీ నుంచి ఏడాదిలోగా, ఆరు నెలలైనా జవాబు రాకపోతే ఆ ఆరు నెలలు ముగిసినప్పటి నుంచి ఏడాదిలోగా క్యాట్‌ను ఆశ్రయించాలి. 2024 ఫిబ్రవరి 12న అప్పీలు చేసి, జవాబు రాని ఉద్యోగికి ఆరు నెలలు ఆగస్టు 12తో నిండుతాయి. ఆపై ఏడాది, అంటే 2025 ఆగస్టు 12 వరకే గడువు.

ఎక్కువమంది నష్టపోయేది ఇక్కడే. అధికారి కనికరిస్తారన్న ఆశతో వినతిపత్రం మీద వినతిపత్రం ఇస్తూ కూర్చుంటారు. ఆ ఆశను తప్పుపట్టలేం, కానీ చట్టంలో లేని వినతులు ఎన్ని ఇచ్చినా గడువు పెరగదని సుప్రీంకోర్టు 1989లోనే ఎస్.ఎస్. రాథోర్ కేసులో తేల్చింది. కాలం చెల్లిన వినతికి కార్యాలయం జవాబిచ్చినంత మాత్రాన పాత హక్కుకు మళ్లీ ప్రాణం రాదని 2008లో సి. జాకబ్ కేసులో చెప్పింది. నెలనెలా జీతం ఆగిపోతోంది కనుక అన్యాయం కొనసాగుతూనే ఉందన్న వాదన కూడా నిలవదు. తొలగింపు ఒక్కసారిగా పూర్తయిన చర్య.

దరఖాస్తును నిర్ణీత నమూనాలో, 50 రూపాయల రుసుముతో దాఖలు చేయాలి. తొలగింపునకు గురైనవారు తాము నివసించే ప్రాంతపు బెంచ్‌లోనే వేసుకోవచ్చు.

గడువు దాటితే జాప్యాన్ని మన్నించమంటూ అఫిడవిట్‌తో విడిగా మరో దరఖాస్తు జతచేయాలి. అందులో "అనారోగ్యం వల్ల" అని ఒక్క ముక్క రాస్తే చాలదు. ఏ తేదీ నుంచి ఏ తేదీ వరకు ఆసుపత్రిలో ఉన్నారో, కోలుకున్నాక మిగిలిన నెలలు ఎందుకు గడిచాయో పత్రాలతో వివరించాలి.

జాప్యాన్ని మన్నించి తిరిగి విధుల్లోకి తీసుకోమన్నా, ఆలస్యం చేసిన కాలానికి వేతన బకాయిలు నిరాకరించే వీలుంది. కాబట్టి కోరే ఉపశమనాల్లో పునర్నియామకంతోపాటు సర్వీసు కొనసాగింపును, బకాయిలను విడివిడిగా పేర్కొనాలి.