స్టే తెచ్చుకున్నారు, నిలబడలేదా? బెంగళూరు చుట్టుపక్కల పొలం కేసుల్లో సమస్య - పరిష్కారం

బెంగళూరులో ఉద్యోగం చేసుకుంటూ దేవనహళ్ళి, చిక్కబళ్ళాపుర, కోలారు వైపు ఎకరమో అరెకరమో కొనే తెలుగువాళ్ళు తక్కువేం కాదు. 2020లో కర్ణాటక భూసంస్కరణల చట్టం నుంచి 79ఎ, 79బి సెక్షన్లు తీసేశాక వ్యవసాయ కుటుంబం కానివాళ్ళూ కొంటున్నారు. కాగితాలు కన్నడలో ఉంటాయి. లిపి మనదానికి దగ్గరే కాబట్టి కూడబలుక్కుని చదివి, అర్థమైందనుకుంటాం. గొడవ వచ్చాకే ఏం చదవలేదో తెలుస్తుంది.

సమస్య: సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో దస్తావేజు తీసుకోవట్లేదు

సర్వే నంబరులో కొంత భాగమే కొంటుంటే ముందు 11ఇ స్కెచ్ (అమ్మే భాగాన్ని కొలిచి సర్వే శాఖ ఇచ్చే పటం) ఉందో లేదో చూసుకోండి. లేకపోతే అమ్మేవారి చేత సర్వే శాఖకు దరఖాస్తు పెట్టించండి. కొలత పూర్తయి స్కెచ్ చేతికొచ్చాకే ముహూర్తం చూసుకోండి. కారణం వేరే ఏదైనా అయితే నోటిమాట విని వెనక్కి రావద్దు. తిరస్కరిస్తున్నట్టు ఆర్డరు రాసివ్వమని అడగండి. ఆ ఆర్డరు తేదీ నుంచి 30 రోజుల్లో జిల్లా రిజిస్ట్రారుకు అప్పీలు చేసుకోవచ్చు. ఏజెంటు వెంట తిరిగి ఆ గడువు పోగొట్టుకోకండి.

సమస్య: రిజిస్ట్రేషన్ అయింది, పహాణీలో (రెవెన్యూ భూమి రికార్డులో) మాత్రం పాత పేరే ఉంది

ఎవరో అభ్యంతరం పెట్టి ఉంటారు. తహశీల్దారు ఇరుపక్షాలనూ విని ఆర్డరు ఇస్తారు. అది మీకు వ్యతిరేకమైతే అసిస్టెంట్ కమిషనర్ దగ్గర అప్పీలు. అయితే అవతలివాళ్ళు "అమ్మినవాడికి అసలు హక్కే లేదు" అంటుంటే రెవెన్యూ ఆఫీసుల్లో ఎంత తిరిగినా తేలదు. మ్యుటేషన్ (రికార్డులో పేరు మార్పు) వల్ల హక్కు పుట్టదు. సివిల్ కోర్టులో హక్కు ప్రకటన కోరాల్సిందే.

ఇంకో కారణం గ్రాంటు భూమి. ఎస్సీ, ఎస్టీ కుటుంబాలకు ప్రభుత్వం మంజూరు చేసిన భూమిని అనుమతి లేకుండా కొంటే 1978 నాటి పీటీసీఎల్ చట్టం కింద ఆ అమ్మకం చెల్లదు. అలా అడగడానికి కాలపరిమితి లేదని 2023 సవరణ చెబుతోంది కాబట్టి, ఇన్నేళ్ళ తర్వాత అడుగుతారేంటన్న వాదనను నమ్ముకోలేం. అన్యాయమని వాపోయే కొనుగోలుదారులు ఉంటారు. నాకైతే ఆ భూమి చేజారిన కుటుంబమే ముందు గుర్తొస్తుంది. కొనేముందే తాలూకా ఆఫీసు నుంచి మొదటి మంజూరు పత్రం నకలు తీయించుకోండి. కొనేశాక మిగిలేది అమ్మినవాడి మీద డబ్బు కోసం దావా వేయడమే.

సమస్య: స్టే వచ్చింది, అవతలివాళ్ళు కోర్టుకు రాగానే పోయింది

ఎక్కువ కేసులు దెబ్బతినేది ఇక్కడే. అవతలివాళ్ళు లేకుండా ఇచ్చే స్టే (తాత్కాలికంగా ఆపమనే కోర్టు ఉత్తర్వు) కేవలం మీ అఫిడవిట్‌ను నమ్మి ఇచ్చేది. అందులో మీరు చెప్పని కాగితం ఒకటి వాళ్ళు తెచ్చి జడ్జి ముందు పెడతారు. ఇదే సర్వే నంబరుపై గతంలో కొట్టేసిన దావా కావచ్చు, అగ్రిమెంటు రద్దు చేస్తున్నామని మీకందిన నోటీసు కావచ్చు, బాకీ డబ్బు కట్టని గడువు కావచ్చు. ముఖ్యమైన విషయంలో తెలిసే అబద్ధం చెప్పి అలా స్టే తెచ్చుకుంటే దాన్ని తీసేయాలని సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 39 రూల్ 4 చెబుతోంది. ఉంచాలనుకుంటే కోర్టు కారణాలు రాయాలి.

"మనకు వ్యతిరేకమైంది మనమే ఎందుకు చెప్పాలి సార్, వాళ్ళు పెడితే చూద్దాం" అనే లాయర్లు ఉన్నారు. ఈ వాదన సుప్రీంకోర్టు దాకా వెళ్ళి ఓడిపోయింది. చెంగల్వరాయ నాయుడు కేసులో దావా వేసినతను, తానే రాసిచ్చిన హక్కు విడుదల పత్రాన్ని దాచి విభజన డిక్రీ తెచ్చుకున్నాడు. నిజమైన కేసుతోనే రావాలన్న బాధ్యత అతనికి లేదని హైకోర్టు అంది. 1993లో సుప్రీంకోర్టు దాన్ని తోసిపుచ్చి, కీలకమైన పత్రం దాచడం కోర్టును మోసం చేయడమేనని, అలా వచ్చిన డిక్రీ చెల్లదని తేల్చింది.

పరిష్కారం: లాయరు దగ్గరికి వెళ్ళేముందు తేదీల వారీగా జరిగిందంతా రాయండి. ఏ కాగితం ఎవరూ చూడకపోతే బాగుండునని మీకు అనిపిస్తుందో దానికి గుర్తు పెట్టండి. అది దావాలోనే, మీ సమాధానంతో కలిపి, ముందు మీరే పెట్టండి. అఫిడవిట్ ఇంగ్లీషులో ఉంటే తెలుగులో చదివి చెప్పించుకున్నాకే సంతకం చేయండి. ఇప్పటికే దాచేసి ఉంటే, అవతలివాళ్ళు పెట్టేలోగా అదనపు అఫిడవిట్ వేసి దావా సవరణ కోరండి. తప్పుడు సాక్ష్యానికి భారతీయ న్యాయ సంహిత 229వ సెక్షన్ కింద 7 ఏళ్ళ దాకా శిక్ష ఉంది. జైలు దాకా వెళ్ళే కేసులు తక్కువే గానీ, ఆ రోజు నుంచి మీ మిగతా కాగితాలను కూడా జడ్జి అనుమానంగానే చూస్తారు.

సమస్య: డబ్బు క్యాష్‌గా ఇచ్చాం, ఇప్పుడు రుజువు లేదు

2025 ఏప్రిల్‌లో, బెంగళూరు ఆర్‌బీఏఎన్‌ఎంఎస్ విద్యాసంస్థ కేసులో, 75 లక్షలు నగదు ఇచ్చామని అగ్రిమెంటు పట్టుకొచ్చినవాళ్ళ దావాను సుప్రీంకోర్టు విచారణ దాకా రానివ్వకుండానే తిరస్కరించింది. 2 లక్షలు, అంతకు మించి నగదు ఇచ్చామని దావాలో రాస్తే కోర్టు ఆదాయపు పన్ను శాఖకు తెలియజేయాలని కూడా చెప్పింది. పన్ను భయంతో పాత తేదీతో రసీదు పుట్టించడం మాత్రం వద్దు. బ్యాంకులో డబ్బు తీసిన ఎంట్రీలు ఉంటే పెట్టండి, ఉన్నదున్నట్టు రాయండి, పన్ను సంగతి ఆడిటరుతో తేల్చుకోండి.

సమస్య: కొన్నాక పాత కేసు బయటపడింది

ఈసీ (ఆ భూమిపై రిజిస్టరైన లావాదేవీలు చూపే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) శుభ్రంగా ఉందని నమ్మడం కారణం. పెండింగు దావా అందులో కనిపించాలని లేదు. వంశవృక్షంలో ఆడపిల్లల పేర్లు ఎగ్గొట్టి అన్నదమ్ములే అమ్మేసిన చోట, అక్కచెల్లెళ్ళు వేసిన భాగం దావా ఇలాగే ఆలస్యంగా తగులుతుంది. దావా నడుస్తుండగా కొంటే తీర్పు మీకూ వర్తిస్తుంది. ఈ-కోర్ట్స్ సైట్లో అమ్మేవారి పేరుతో, వాళ్ళ నాన్న పేరుతో వెతకండి. స్పెల్లింగు మార్చి మార్చి చూడాలి, కోలారు వైపు వెంకటరమణప్ప ఒక కాగితంలో వెంకటరవణప్ప అయిపోతాడు. కేసు దొరికితే, దాని సంగతి తెలియనట్టు కొత్త దావా వేయకండి. పాత దావాలోనే మిమ్మల్ని పార్టీగా చేర్చమని అర్జీ పెట్టి, ఎప్పుడు కొన్నారో, కేసు గురించి ఎప్పుడు తెలిసిందో తేదీలతో సహా అందులో రాయండి.