సిక్స్త్ ఫామ్ కాలేజీలో చేరడం ఎలా? ఇంగ్లండులోని తెలుగు తల్లిదండ్రులకు

ఇయర్ 11లో పిల్లలున్న తెలుగు ఇళ్లలో సెప్టెంబరు రాగానే ఎంపీసీయా, బైపీసీయా అన్న మాట మొదలవుతుంది. ఇయర్ 11 తర్వాత వచ్చే రెండేళ్ల చదువైన సిక్స్త్ ఫామ్‌లో గ్రూపులు లేవు. మామూలుగా ఏ లెవెల్ అనే రెండేళ్ల కోర్సులుగా మూడు సబ్జెక్టులు చదవాలి, ఆ మూడూ విద్యార్థే విడివిడిగా ఏరుకోవాలి. మ్యాథ్స్ పక్కన హిస్టరీ, కెమిస్ట్రీ పక్కన ఆర్ట్ తీసుకున్నా ఎవరూ కాదనరు. చిక్కంతా అక్కడే ఉంది. మన ఇంటర్ గ్రూపు ఏ కోర్సుకు ఏవి కావాలో తనే చూసుకుంటుంది, ఇక్కడ ఆ పని మనదే.

పూర్వం హైస్కూలు తరగతులను ఫామ్‌లుగా లెక్కపెట్టేవారు, చివరి రెండేళ్లను సిక్స్త్ ఫామ్ అనేవారు. ఇప్పుడవి ఇయర్ 12, 13 అయినా పేరు మాత్రం అలాగే నిలిచింది. ఆ రెండేళ్లకే విడిగా కాలేజీ పెట్టడం 1966లో లూటన్‌లో మొదలైంది. కేంబ్రిడ్జ్‌లో 1900లో పుట్టిన బాలుర హైస్కూలు 1974లో హిల్స్ రోడ్ సిక్స్త్ ఫామ్ కాలేజీగా మారింది, బాలికల హైస్కూలు లాంగ్ రోడ్ కాలేజీ అయింది. 1993లో ఇలాంటి కాలేజీలు స్థానిక కౌన్సిళ్ల అజమాయిషీ నుంచి బయటపడ్డాయి. స్కూలుకు అనుబంధంగా ఉండే సిక్స్త్ ఫామ్‌లో టీచర్లు పిల్లవాణ్ణి ఐదేళ్లుగా ఎరిగి ఉంటారు, కానీ సబ్జెక్టులు తక్కువ, టైంటేబుల్‌లో రెండు సబ్జెక్టులు ఢీకొనే అవకాశం ఎక్కువ. విడి కాలేజీలో లా, సైకాలజీ, ఫర్దర్ మ్యాథ్స్ (మామూలు మ్యాథ్స్‌కు పైస్థాయి సబ్జెక్టు) వంటివి సులువుగా దొరుకుతాయి. ఖాళీ పీరియడ్లు మాత్రం చాలా ఉంటాయి. తనంతట తాను కూర్చుని చదివే అలవాటు లేని పిల్లలకు మొదటి టర్ము కష్టమే.

సబ్జెక్టుల ఎంపిక డిగ్రీ నుంచి వెనక్కి రావాలి. నచ్చిన నాలుగైదు యూనివర్సిటీల కోర్సు పేజీలు తెరిచి, ఏ సబ్జెక్టు తప్పనిసరి అన్నారో రాసుకోండి. మెడిసిన్‌కు దాదాపు అన్నిచోట్లా కెమిస్ట్రీ కావాలి, చాలాచోట్ల బయాలజీ కూడా. ఇంజనీరింగ్‌కు మ్యాథ్స్, ఎక్కువగా ఫిజిక్స్. కంప్యూటర్ సైన్స్ డిగ్రీకి మనవాళ్లు అదే పేరున్న ఏ లెవెల్ తప్పదనుకుంటారు. నిజానికి యూనివర్సిటీలు ముందు చూసేది మ్యాథ్స్. కేంబ్రిడ్జ్‌లోనో ఇంపీరియల్‌లోనో మ్యాథ్స్ డిగ్రీ చేయాలంటే ఫర్దర్ మ్యాథ్స్ ఉండాలి, దాన్ని మామూలు మ్యాథ్స్‌తో కలిపే తీసుకోవాలి. నాలుగో సబ్జెక్టుగా అది తప్ప ఇంకేదీ పెద్దగా కలిసిరాదు. చాలా యూనివర్సిటీలు మూడు గ్రేడ్లే అడుగుతాయి కాబట్టి నాలుగింటిలో బీ గ్రేడ్ల కంటే మూడింటిలో ఏ గ్రేడ్లు మేలు. పరీక్షల కంటే పని మీద మనసున్నవాళ్లకు 2020లో వచ్చిన టీ లెవెల్ అనే వృత్తి కోర్సు ఉంది. ఒక్కటి మూడు ఏ లెవెల్స్‌తో సమానం, అందులో కనీసం 315 గంటలు ఏదైనా సంస్థలో పనిచేయాలి. తెలుగుకు జీసీఎస్ఈ (ఇయర్ 11 చివర రాసే పరీక్ష) గానీ ఏ లెవెల్ గానీ లేవు.

కాలేజీని చూడ్డానికి పిలిచే ఓపెన్ ఈవినింగ్‌లు ఎక్కువగా అక్టోబరు, నవంబరుల్లో జరుగుతాయి. దరఖాస్తు గడువు కాలేజీని బట్టి మారుతుంది, కొన్నిచోట్ల క్రిస్మస్‌కు ముందే ముగుస్తుంది. కనీసం రెండు చోట్ల పెట్టండి, అందులో ఒకటి గ్రేడ్లు కాస్త తగ్గినా సీటిచ్చేదై ఉండాలి. తర్వాత చిన్న ఇంటర్వ్యూ, ఆపైన షరతులతో ఆఫరు. షరతు రెండు రకాలు: మొత్తం మీద ఇన్ని జీసీఎస్ఈలు, సబ్జెక్టు వారీగా ఇంత గ్రేడు. రెండోదాన్నే చాలామంది చూడరు. జీసీఎస్ఈ గ్రేడ్లు 1 నుంచి 9 వరకు, 9 అన్నిటికంటే పైది. మొత్తం గ్రేడ్లు బాగున్నా మ్యాథ్స్‌లో 6 వచ్చి కాలేజీ 7 అడిగితే, కాలేజీలో సీటు ఉన్నా మ్యాథ్స్ క్లాసులో చోటు దొరకదు. ఇంగ్లిషులో గానీ మ్యాథ్స్‌లో గానీ 4 రాకపోతే ఏ లెవెల్స్‌తో పాటు దాన్నీ చదవాల్సిందే.

ఎక్కువ నష్టం జరిగేది ఆగస్టులో. జీసీఎస్ఈ ఫలితాలు ఆ నెల రెండో సగంలో ఒక గురువారం వస్తాయి, ఎన్‌రోల్‌మెంట్ ఆ రోజో మరుసటి కొద్ది రోజుల్లోనో ఉంటుంది. విద్యార్థి స్వయంగా వెళ్లాలి. సరిగ్గా అదే వారంలో హైదరాబాదులోనో విజయవాడలోనో పెళ్లి ఉందని టికెట్లు తీస్తే, నిండిపోయే సబ్జెక్టులు వేరేవాళ్లకు పోతాయి. ముందు కాలేజీ తేదీ కనుక్కోండి, టికెట్లు ఆ తర్వాత. ఫలితాల కాగితం, పాస్‌పోర్టు, వీసా మీద ఉంటే షేర్ కోడ్ (వీసా వివరాలు ఆన్‌లైన్‌లో చూపించే కోడ్) దగ్గర పెట్టుకోండి. గ్రేడు ఒకటి తక్కువైతే ఇంట్లో బాధపడుతూ కూర్చోకుండా ఆ రోజే కాలేజీకి వెళ్లి మాట్లాడండి. చోట్లు మిగిలినప్పుడు వినే అవకాశం ఉంటుంది, వారం ఆగితే చోటు ఉండదు.

ప్రభుత్వ కాలేజీల్లో 16 నుంచి 19 ఏళ్ల అర్హులకు ఫీజు లేదు. వీసా మీద వచ్చిన కుటుంబాలు ఆ అర్హత సంగతి దరఖాస్తు సమయంలోనే అడ్మిషన్ల ఆఫీసులో అడగాలి. చైల్డ్ బెనిఫిట్ (పిల్లల కోసం ప్రభుత్వం ఇచ్చే డబ్బు) తీసుకునేవాళ్లు పిల్లలు చదువు కొనసాగిస్తున్నారని తెలపకపోతే, 16 నిండిన తర్వాత వచ్చే ఆగస్టు 31తో అది ఆగిపోతుంది. లండన్‌లో 16+ జిప్ ఆయిస్టర్ అనే ప్రయాణ కార్డుకు ముందే దరఖాస్తు చేస్తే బస్సులు ఉచితం.

క్లాసులు మొదలయ్యాక సబ్జెక్టు సరిపడలేదనిపిస్తే మొదటి కొద్ది వారాల్లోనే మార్చుకోవాలి. ఏ లెవెల్ పరీక్షలన్నీ రెండేళ్ల చివర్లోనే ఉన్నా, యూనివర్సిటీకి వెళ్లే అంచనా గ్రేడ్లు ఎక్కువగా ఇయర్ 12 చివరి కాలేజీ పరీక్షల నుంచే వస్తాయి. అక్టోబరులో మారినవాళ్లకు వాటికి తయారయ్యే సమయం అంతమేరకు తగ్గినట్టే.