ఫుట్‌బాల్‌లో ఎదురొచ్చే ఫార్వర్డ్‌ను, మనం కింద పడకుండా, ఆపడం ఎలా?

అనంతపురంలో పొద్దున ఆరింటికి ఏ ఫుట్‌బాల్ గ్రౌండ్‌కు వెళ్ళినా ఇదే కనిపిస్తుంది. ఒక పిల్లోడు బంతితో వస్తుంటాడు. ఎదురుగా ఉన్న బ్యాక్, అంటే గోల్‌ను కాచే డిఫెండర్, అంత దూరం నుంచి పరుగెత్తుకొచ్చి కాళ్ళు చాపి జారుతాడు. ఫార్వర్డ్, అంటే గోల్ కొట్టడానికి వచ్చే ఆ పిల్లోడు, బంతిని అలా పక్కకు నెట్టి దాటిపోతాడు. మనవాడు తొడ చెక్కుకుపోయి దుమ్ములో కూర్చొని ఉంటాడు. గట్టు మీదున్న వాళ్ళు మాత్రం "భలే దూకినాడ్రా" అని చప్పట్లు కొడతారు. పద్దెనిమిదేళ్ళుగా పిల్లలకు డిఫెన్స్ నేర్పుతున్నాను, ఆ చప్పట్లు విన్న ప్రతిసారీ నాకు కడుపు మండుతుంది. గోల్‌కు అడ్డంగా ఉండాల్సిన మనిషి నేల మీద ఉంటే మెచ్చుకోవడం ఎందుకు?

డిఫెండర్ మొదటి పని నిలబడి ఉండటం. బంతి లాక్కోవడం రెండో పని. ఈ వరస తలకెక్కితే మిగతాది నేర్చుకోవడం పెద్ద కష్టమేమీ కాదు.

కావలసినవి

పన్నెండేళ్ళ లోపు పిల్లలకు నాలుగో సైజు బంతి, ఆపై వాళ్ళకు ఐదో సైజు. మోకాలి కింద ముందెముకను కాచే షిన్‌గార్డులు తప్పనిసరి. సాక్సులో అట్టముక్కలు పెట్టుకొని వచ్చినవాణ్ని నేను ఇంటికి పంపేస్తాను. మన గరుసు నేల మీద అడుగున పొడుగు స్టడ్స్ (ముళ్ళు) ఉన్న బూట్లు వద్దు, చీలమండ మెలిపడుతుంది. పొట్టి రబ్బరు స్టడ్స్ చాలు. గీతలకు ముగ్గుపిండి వాడండి, సున్నం కళ్ళల్లో పడితే ప్రమాదం.

ఇరవై అంగల పొడవు, పది అంగల వెడల్పు గీయండి. ఒక పక్క గీతను టచ్‌లైన్, అంటే మైదానం పక్క హద్దు, అనుకోండి. అవతలి చివర, టచ్‌లైన్‌కు దూరంగా ఉన్న మూలలో రెండు నీళ్ళ బాటిళ్ళు పెడితే అదే గోల్. ఒక ఫార్వర్డ్, ఒక బ్యాక్. అంతే.

దగ్గరికి చేరడం

బంతి ఫార్వర్డ్ వైపు వెళ్తున్నప్పుడే పరుగు మొదలుపెట్టాలి. అతను బంతి ఆపుకొని తల ఎత్తే సరికి మీరు ఎదురుగా ఉండాలి. మొదట్లో ఎంత వేగమైనా పరవాలేదు. చివరి మూడు నాలుగు మీటర్లలో మాత్రం అడుగులు చిన్నవి చేసి వేగం తగ్గించాలి. సగం మంది ఇక్కడే చెడగొడతారు. బస్సు వెనక పరుగెత్తినట్టు వస్తారు, ఆగలేరు.

దీన్ని నోటితో చెబితే పిల్లలకు ఎక్కదు. అందుకని నేల చూపిస్తాను. మన ఎర్రమట్టి మీద అడుగుల గుర్తులు చక్కగా పడతాయి. బాగా వచ్చినవాడి గుర్తులు మొదట దూరదూరంగా ఉండి, చివర్లో దగ్గరదగ్గరగా, కోడి నడిచినట్టు ఉంటాయి. చెడగొట్టినవాడివి మొదటి నుంచి చివరి దాకా ఒకే దూరంలో ఉండి, ఆ తర్వాత బారెడు పొడవున ఒక గీత కనిపిస్తుంది. అది వాడి తొడ జారిన గీత. ఒకసారి వంగి ఆ గుర్తులు చూసుకున్న పిల్లోడికి మళ్ళీ చెప్పాల్సిన అవసరం నాకు రాలేదు.

నిలబడే తీరు

ఫార్వర్డ్‌కు ఎదురుగా గోడలా నిలబడొద్దు, కాళ్ళ మధ్య నుంచి బంతి పోతుంది. ఒక కాలు ముందు, ఒక కాలు వెనక పెట్టి ఏటవాలుగా నిలబడండి. మోకాళ్ళు వంచి, బరువు మునివేళ్ళ మీద ఉంచాలి. రైట్ బ్యాక్ (కుడి పక్క ఆడే డిఫెండర్) అయితే ఎడమ కాలు ముందు, కుడి కాలు వెనక. అప్పుడు లోపలి దారి, అంటే మైదానం మధ్యకు పోయే దారి, మూసుకుపోయి టచ్‌లైన్ వైపు దారి తెరిచి ఉంటుంది. ఫార్వర్డ్‌ను ఎప్పుడూ అటే పంపాలి.

లోపలికి పంపితే అక్కడ మనవాళ్ళు ఉంటారు కదా అనే కోచ్‌లు ఉన్నారు. నేను ఒప్పుకోను. గోల్ మధ్యలో ఉంది, పక్కన లేదు. లోపలికి తిరిగినవాడు ఏ కాలితోనైనా కొట్టగలడు, ఎటైనా పాస్ ఇవ్వగలడు. టచ్‌లైన్ దగ్గర ఇరుక్కున్నవాడికి దారులు సగానికి సగం తగ్గిపోతాయి. ఇందులో చర్చ అక్కర్లేదు.

ఎత్తు గురించి కూడా ఇక్కడే చెబుతాను. "మావాడు పొట్టి సార్, స్టాపర్‌గా పనికొస్తాడా?" అని తల్లిదండ్రులు అడుగుతుంటారు. స్టాపర్ అంటే గోల్ ముందు మధ్యలో ఆడే డిఫెండర్. ఒకప్పటి ఇటలీ కెప్టెన్, డిఫెండర్ ఫాబియో కన్నవారో ఎత్తు అయిదు అడుగుల తొమ్మిది అంగుళాలు. 2006లో ప్రపంచకప్ ఎత్తాడు, అదే ఏడు ఉత్తమ ఆటగాడికిచ్చే బాలన్ డి'ఓర్ అందుకున్నాడు. ఆ బహుమతి డిఫెండర్లకు దక్కడమే అరుదు. ఎప్పుడు కాలు పెట్టాలో తెలిసినవాడికి ఎత్తు అడ్డం కాదు.

ఆగడం

అసలు కష్టం ఇక్కడుంది. నిదానంగా చదవండి.

మీరు దగ్గరికి వచ్చారు, ఏటవాలుగా నిలబడ్డారు. మీరు చెయ్యి చాపితే అతని చొక్కాకు వేళ్ళు తగిలీ తగలనంత దూరం ఉండాలి. అంతకంటే దగ్గరైతే ఒక్క టచ్‌తో దాటేస్తాడు, అంతకంటే దూరమైతే తల ఎత్తి షాట్ కొడతాడు. ఇప్పుడు అతను ముందుకొస్తాడు. అతను ఎంత వేగంగా వస్తే మీరు అంతే వేగంగా వెనక్కి జరగాలి. కాళ్ళు ఒకదానికొకటి అడ్డం పడకూడదు. కాలు పెట్టాలని ప్రాణం లాగుతుంది. పెట్టొద్దు.

కళ్ళు బంతి మీదే ఉండాలి. అతని ముఖం చూడొద్దు, భుజాలు చూడొద్దు, నడుము కూడా చూడొద్దు. కట్ కొట్టేవాడు, అంటే ఏమార్చి దాటేవాడు, భుజం ఊపుతాడు, బంతి మీదుగా కాలు తిప్పుతాడు, ఒళ్ళంతా కుడికి పడేస్తాడు. అంత చేసినా బంతి ఉన్నచోటే ఉంటుంది. బంతి కదలనంత వరకూ ఏమీ జరగలేదు. మీరు కూడా కదలనక్కర్లేదు.

మొదటి వారం నా పిల్లల్లో ఎవరినీ ట్యాకిల్ చేయనివ్వను, అంటే కాలు పెట్టి బంతి లాక్కోనివ్వను. రెండు చేతులతో తమ చొక్కా అంచు పట్టుకొని వెనక్కి జరగాలి, అవతలివాణ్ని లాగే అలవాటు దానితో పోతుంది. పైకి వినబడేలా అయిదు దాకా లెక్కపెట్టాలి. అయిదు సెకన్లు అతన్ని ఆలస్యం చేస్తే మీ జట్టువాళ్ళు పాతిక మీటర్లు వెనక్కి పరుగెత్తి వచ్చేస్తారు. అప్పటికి ఒక్కడి మీద ఒక్కడు కాదు, ఒక్కడి మీద ఇద్దరు.

పిల్లలకు ఇది నచ్చదు. పదమూడేళ్ళ అబ్బాయి ఒకడు మధ్యలో ఆగిపోయి అడిగాడు, "సార్, వాడేం చేయట్లేదు. నేనేం చేయాల?"

"వాడు చేయట్లేదని ఎవరన్నారు అబ్బీ? చేయలేకపోతున్నాడు. నువ్వు అడ్డంగా ఉన్నావు కాబట్టి."

వాడు కాసేపు బంతి వైపు చూసి, మళ్ళీ మోకాళ్ళు వంచాడు.

మరి కాలు ఎప్పుడు పెట్టాలి? బంతి అతని కాలిని వదిలినప్పుడు. పరుగెత్తేవాడు ప్రతి రెండు మూడు అడుగులకు బంతిని తాకాల్సిందే. ఎప్పుడో ఒకసారి ఆ తాకుడు కొంచెం గట్టిగా పడుతుంది, బంతి అతనికి ఒక అడుగు ఎక్కువ దూరం పోతుంది. ఆ క్షణంలో బంతి అతనిది కాదు. ముందున్న కాలితో చటుక్కున టచ్‌లైన్ వైపు పొడవండి. బరువు వెనక కాలి మీదే ఉండాలి. తప్పినా మీరు నిలబడే ఉంటారు, మళ్ళీ వెనక్కి జరగొచ్చు. బంతి సరిగ్గా ఇద్దరి మధ్యా ఉంటే పొడవడం పనికిరాదు. చీలమండ బిగించి, మోకాలు వంచి, ఒంటి బరువంతా బంతి మీదికి తెచ్చి పాదం లోపలి వైపుతో అడ్డుకోవాలి. కాలు వదులుగా పెట్టినవాడికే దెబ్బ తగులుతుంది.

అతను మీకు వీపు పెట్టి బంతి అందుకుంటే వెనక నుంచి కాలు దూర్చొద్దు. తిరగనివ్వకపోతే చాలు, బంతిని వెనక్కే ఇస్తాడు.

గోల్ ముందుండే పెనాల్టీ బాక్సులో ఈ జాగ్రత్తలన్నీ రెండింతలు. చేతులు వీపు వెనక పెట్టుకోండి. నాకు పంతొమ్మిదేళ్ళప్పుడు ఒక టోర్నమెంట్ సెమీఫైనల్లో, స్కోరు సమంగా ఉండగా, చివరి నిమిషంలో బాక్సులో జారాను. ఆ ఫార్వర్డ్ గోల్‌కు వీపు పెట్టి, మూల వైపు వెళ్ళిపోతున్నాడు. ఏ ప్రమాదమూ లేదు. బంతి కంటే ముందు నా కాలికి అతని కాలు తగిలింది. 11 మీటర్ల నుంచి పెనాల్టీ కొట్టేటప్పుడు మా గోల్‌కీపర్ ముఖం చూడలేకపోయాను. ఇప్పటికీ బాక్సులో జారే పిల్లోణ్ని చూస్తే నాకు ఆ ముఖమే గుర్తొస్తుంది.

జారడం గురించి

స్లైడ్ అసలు వద్దా అంటే, పదిహేనేళ్ళ లోపు వద్దు. ఆ తర్వాత కూడా వేరే దారే లేనప్పుడు, పచ్చిక మీద. ఇక్కడ ఆర్డీటీ స్వచ్ఛంద సంస్థ వాళ్ళ స్పోర్ట్స్ విలేజ్‌లో పచ్చిక ఉంది. ఊళ్ళలో ఎక్కడుంది? ఏడాదికి 550 మిల్లీమీటర్ల వాన పడే జిల్లా మనది. ఆ నేల మీద జారితే చర్మం లేచిపోతుంది, గాయంలో ఇసుక ఇరుక్కుంటుంది, పిల్లోడు రెండు వారాలు ఇంట్లో కూర్చుంటాడు. ఫోన్‌లో చూసే స్లైడ్‌లు నీళ్ళు చల్లిన గడ్డి మీద చేసినవి.

జారనివాడు పిరికివాడని కొందరంటారు. ధైర్యం గురించి మాట్లాడాలంటే భారత జట్టు డిఫెండర్ జర్నైల్ సింగ్ గురించి మాట్లాడండి. 1962 జకార్తా ఆసియా క్రీడల్లో తలకు కుట్లు పడ్డ ఆ డిఫెండర్‌ను మన హైదరాబాదీ కోచ్ రహీం సాబ్ ఫార్వర్డ్‌గా దింపారు. ఫైనల్లో దక్షిణ కొరియా మీద గోల్ కొట్టాడు, మనం 2-1తో బంగారు పతకం గెలిచాం. మైదానంలో ఉండి ఆడటమే ఆయన చూపిన ధైర్యం.

ఇంకో లెక్క కూడా ఉంది. ప్రొఫెషనల్‌గా ఎదగాలనుకునే పిల్లోడికి తన కాళ్ళే ఆస్తి. ఇటలీ డిఫెండర్ పాలో మాల్దీని 1985లో, పదహారేళ్ళప్పుడు, ఏసీ మిలాన్‌కు మొదటి మ్యాచ్ ఆడి, 2009లో నలభై దాటాక మానేశాడు. స్లైడ్ చేయడం అతనికి రాక కాదు, అద్భుతంగా చేసేవాడు. కానీ ముందే సరైన చోట నిలబడేవాడు కాబట్టి జారాల్సిన అవసరం తక్కువ పడేది.

బంతి దొరికాక

గాల్లోకి బాదొద్దు. తల ఎత్తి దగ్గరున్న మనవాడికి ఇచ్చి, వెంటనే నాలుగడుగులు ముందుకు జరగండి.

పదేసి సార్లు అయ్యాక ఇద్దరినీ మార్చండి. ఫార్వర్డ్‌గా ఆడినవాడు ఇప్పుడు బ్యాక్. రెండో వారం నుంచి ఇటొకణ్ని, అటొకణ్ని కలిపి ఇద్దరి మీద ఇద్దరిని ఆడించండి. ఎనిమిదిన్నరకు ఆపేయండి, ఆ తర్వాత ఎండకు నేల కాలుతుంది.