సొంత ర్యాప్ ఆల్బమ్, 6వ పాఠం: ఈ బీటు ఎవరిది?

ఈ వారం పాటల వరస, ముఖచిత్రం, విడుదల తేదీ గురించి చెప్పాలి. వాటిని పక్కన పెడుతున్నాను. గత పాఠం చివర, మీ ఆల్బమ్‌లోని ప్రతి బీటు, అంటే ర్యాప్ వెనుక మోగే సంగీతం, ఎక్కడి నుంచి వచ్చిందో ఒక్కో వాక్యంలో రాసి పంపమన్నాను. వచ్చిన జవాబుల్లో ఎక్కువ వాటిలో రెండే మాటలున్నాయి. ఒకటి "కొన్నాను", రెండోది "చిన్న ముక్కే కదా". ఈ రెండు మాటల ధైర్యంతో ఆల్బమ్ విడుదల చేస్తే, ఏడాది పాటు మీరు పడిన కష్టాన్ని ఒక్క ఫిర్యాదు తుడిచిపెట్టేస్తుంది. ఇందులో నా లోపమూ ఉంది. బీటు ఎంచుకోవడం గురించి పేజీలకు పేజీలు రాసి, దాని మీద మీకుండే హక్కు గురించి నాలుగు వాక్యాలతో సరిపెట్టాను. బార్ల (తాళం ఆవర్తాల) లెక్క, వేగం, శ్రుతి మీకు వచ్చుననుకుని నేరుగా విషయానికి వస్తాను.

ముందు "కొన్నాను" సంగతి. ఒక విద్యార్థి తన కొనుగోలు పత్రం పంపాడు. మూడు పేజీలు. మొదటి పేజీలో అతని పేరు, బీటు పేరు, కట్టిన డబ్బు ఉన్నాయి. అతను చదివింది అంతవరకే. రెండో పేజీ మధ్యలో, అదే బీటును ఇంకెంతమందికైనా అమ్ముకునే హక్కు తయారు చేసినవారికే ఉంటుందని ఉంది. పాటను ఫలానా సంఖ్యకు మించి జనం వింటే లైసెన్సు ముగుస్తుందని దాని కిందే ఉంది. మూడో పేజీ చివరి పేరాలో, బీటులో ఇతరుల పాటల ముక్కలుంటే వాటికి అనుమతి తెచ్చుకునే బాధ్యత కొన్నవారిదేనని ఉంది. అతను ఇల్లు కొన్నాననుకున్నాడు, నిజానికి అద్దెకు దిగాడు. అద్దెకు దిగడం తప్పేమీ కాదు, కాని గడువెప్పుడో తెలిసి ఉండాలి.

ఇక "చిన్న ముక్కే కదా". అంటే ఇతరుల పాట రికార్డింగు నుంచి తీసుకుని బీటులో వాడుకునే ముక్క, దీన్నే శాంపిల్ అంటారు. ఆరు సెకన్ల లోపైతే ఫరవాలేదని, శ్రుతి మార్చి వేగం పెంచితే ఎవరూ పట్టుకోలేరని, అసలు పాట పేరు కింద రాస్తే చాలునని చాలామంది రాశారు. ఇన్ని సెకన్ల వరకు ఉచితం అనే నియమం మన కాపీరైట్ చట్టంలో ఎక్కడా లేదు. ఎవరు పుట్టించారో గానీ, ఈ మాట పాడుచేసినన్ని ఆల్బమ్‌లను చేతగాని ర్యాప్ కూడా పాడుచేయలేదు. అందుకే దీని మీద ఎక్కువసేపు ఆగుతున్నాను.

అమెరికా ర్యాపర్ బిజ్ మార్కీ 1991లో తన మూడో ఆల్బమ్ విడుదల చేశాడు. అందులో ఒక పాటకు గిల్బర్ట్ ఓ'సల్లివన్ 1972 నాటి పాటలోని పియానో ముక్కను వాడుకున్నారు. అనుమతి అడిగారు. అది రాకుండానే విడుదల చేశారు. అడిగారంటే అవసరమని తెలుసనే కదా అని కోర్టు భావించింది. బైబిల్‌లోని "దొంగిలించరాదు" అన్న ఆజ్ఞతో న్యాయమూర్తి తీర్పు మొదలుపెట్టారు. ఆల్బమ్‌ను దుకాణాల నుంచి వెనక్కి తెప్పించారు. 1993లో వచ్చిన తన తర్వాతి ఆల్బమ్‌కు బిజ్ మార్కీ "ఆల్ శాంపిల్స్ క్లియర్డ్" అని పేరు పెట్టాడు, అంటే అన్ని శాంపిళ్లకూ అనుమతి ఉందని.

మరో అమెరికా ర్యాపర్ నోటోరియస్ బి.ఐ.జి. తొలి ఆల్బమ్ "రెడీ టు డై" 1994లో వచ్చింది. 1997లో అతను హత్యకు గురయ్యాడు. 2006లో, అంటే ఆల్బమ్ వచ్చిన 12 ఏళ్లకు, ఓహియో ప్లేయర్స్ బృందం పాటలోని బాకాల ముక్కను అనుమతి లేకుండా వాడారని జ్యూరీ తేల్చింది. నలభై లక్షల డాలర్లకు పైగా చెల్లించమంది. ఆ మొత్తం అప్పీలులో తగ్గింది కాని, అప్పటికే అమ్మకాలు ఆపించారు. ఇన్నాళ్లూ ఎవరూ అడగలేదు కదా అనేవారు ఆ 12 ఏళ్లను గుర్తుపెట్టుకోండి.

మీలో చాలామంది పాత సినిమా పాటల ముక్కలు తీసుకుంటున్నారు కాబట్టి మన లెక్క కూడా చూద్దాం. ఒక పాటలో రికార్డింగు వేరు, బాణీ వేరు, సాహిత్యం వేరు. మన చట్టంలో రికార్డింగుకు అది విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్ల రక్షణ ఉంటుంది. బాణీకి, సాహిత్యానికి మాత్రం ఆ రచయిత మరణించిన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు. "మాయాబజార్" 1957లో వచ్చింది. దాని రికార్డింగుకు గడువు 2017తో తీరింది. పింగళి నాగేంద్రరావు 1971లో కన్నుమూశారు కాబట్టి ఆయన సాహిత్యానికి 2031 చివరి వరకు రక్షణ ఉంది. ఘంటసాల 1974లో వెళ్లిపోయారు, ఆయన బాణీలకు 2034 వరకు. ఆ సినిమాలోని కొన్ని బాణీలు సాలూరి రాజేశ్వరరావువి. ఆయన 1999లో మరణించారు, కాబట్టి వాటికి 2059 దాకా ఆగాలి. "పాత పాటే కదా" అన్న మాటకు ఇంత లెక్క ఉంది.

శ్రుతి మార్చినా యంత్రం వదలదు. యూట్యూబ్‌లో పాట పెట్టగానే, హక్కుదారుల పాటలతో పోల్చి చూసే దాని కంటెంట్ ఐడీ వ్యవస్థ పోలికలు వెతుకుతుంది. పోలిక దొరికితే పాటను ఆపేయాలా, దాని మీద వచ్చే డబ్బు తీసుకోవాలా అన్నది హక్కుదారు ఇష్టం.

నా పద్ధతి చెబుతాను. నేను శాంపిల్ జోలికే వెళ్లను. నాలుగు బార్లకు సన్నాయి కావాలంటే సన్నాయి విద్వాంసుణ్ణి పిలిపించి, కొత్త బాణీ వాయింపజేసి, అదే రోజు డబ్బిచ్చి సంతకం తీసుకుంటాను. అమెరికా ర్యాపర్, బీట్ల రూపకర్త డాక్టర్ డ్రే కూడా 1992లో వచ్చిన తన తొలి సోలో ఆల్బమ్‌లో చాలా భాగాలను వాద్యకారులతో మళ్లీ వాయింపజేశాడు. అయితే పాత బాణీనే మళ్లీ వాయిస్తే రికార్డింగు అనుమతి అక్కర్లేదు కాని, బాణీ అనుమతి తప్పదు. ఇక్కడ పొరబడకండి.

సోలో అన్న మాటతో మోసపోకండి. అమెరికా గాయని, ర్యాపర్ లారిన్ హిల్ 1998 నాటి సోలో ఆల్బమ్‌కు ఆ ఏటి మేటి ఆల్బమ్‌గా గ్రామీ అవార్డు వచ్చింది. ఆ పాటల రచనలో, రూపకల్పనలో తమకూ భాగముందంటూ నలుగురు సంగీతకారులు కోర్టుకెక్కారు. 2001లో రాజీ కుదిరింది. అందుకే గదిలో ఎవరెవరున్నారో, ఎవరి వాటా ఎంతో స్టూడియో నుంచి బయటికి రాకముందే రాసి సంతకాలు చేయించండి. ఆ రాత్రి అందరూ స్నేహంగానే ఉంటారు, అప్పుడే అడగడం సులువు.

అనుమతి పత్రంలో ఒక వాక్యం తప్పనిసరిగా ఉండాలి: "ఇప్పుడున్న, ఇకపై రాబోయే అన్ని మాధ్యమాలకు". అమెరికా ర్యాప్ బృందం డి లా సోల్ తొలి ఆల్బమ్ 1989లో వచ్చింది. నాటి అనుమతులు రికార్డులు, క్యాసెట్ల కాలానికి రాసుకున్నవి. ఆ చిక్కుల వల్ల ఆ ఆల్బమ్ స్ట్రీమింగ్‌లోకి 2023 మార్చి 3న గానీ రాలేదు. బృందంలో ఒకరైన డేవిడ్ జోలికూర్ అంతకు మూడు వారాల ముందే మరణించాడు. ఒక వాక్యం లేకపోవడం ఎంత ఖరీదైనదో చెప్పడానికి నాకు ఇంతకు మించిన ఉదాహరణ తెలియదు.

అభ్యాసం. గట్టి అట్ట ఉన్న నోటు పుస్తకం ఒకటి తీసుకోండి. కంప్యూటర్ వద్దు, నాకు కాగితం మీదే నమ్మకం. ఒక్కో పాటకు ఒక్కో పేజీ. రాసినవారు, బీటు చేసినవారు, వాయించినవారు, లైసెన్సు రకం, గడువు, శాంపిల్ ఉంటే దాని రికార్డింగు హక్కుదారు, బాణీ హక్కుదారు, సాహిత్యం హక్కుదారు, అందరి వాటాలు, సంతకాల తేదీ. బీటు చేసినవారికి ఫోను చేసి, అందులో శాంపిల్ ఉందో లేదో రాతపూర్వకంగా అడగండి. ఏ పేజీలోనైనా ఒక్క గడి ఖాళీగా ఉంటే ఆ పాటను ఆల్బమ్ నుంచి తీసేయండి, అది మీకు ఎంత ఇష్టమైనదైనా సరే. పద్దెనిమిదిలో పది మిగిలితే దిగులు పడకండి. న్యూయార్క్ ర్యాపర్ నాస్ 1994లో విడుదల చేసిన తొలి ఆల్బమ్‌లో ఉన్నవి పది ట్రాకులే, మొత్తం నలభై నిమిషాల లోపే.

ఈసారి పాటలు పంపకండి. ఆ పేజీల ఫోటోలు పంపండి, కొట్టివేతలతో సహా.