బెల్లం కారం జీడిపప్పు అతుక్కోకుండా రావాలంటే

తీపి, కారం కలిసిన జీడిపప్పు ఇంట్లో చేస్తే చాలామందికి చేతికి జిగురుగా అంటుకుంటుంది. తేడా అంతా పాకంలోనే ఉంది.

పావుకిలో జీడిపప్పుకి 100 గ్రాముల బెల్లం సరిపోతుంది. విరగని పలాస గుండు పప్పులే కావాలని లేదు, బద్దలైనా బాగుంటాయి, పైగా చవక. ముందు పప్పును సన్నని సెగ మీద దోరగా వేయించి, వేడి చల్లారకుండా పక్కన పెట్టుకోండి. చల్లటి పప్పు వేస్తే పాకం ఒక్కసారిగా బిగుసుకుని ముద్ద కడుతుంది.

బెల్లంలో రెండు మూడు చెంచాల నీళ్లు పోసి, కరిగాక వడకట్టండి. ఇసుక పళ్ల కింద పడితే చేసిన పనంతా వృథా. చెంచా నెయ్యి వేసి మళ్లీ పొయ్యి మీద పెట్టండి. గిన్నెలో చన్నీళ్లు పోసి ఒక చుక్క పాకం వేసి చూడండి. మెత్తని ఉండ అయితే ఇంకా టైముంది. తీసి విరిస్తే టక్కున విరగాలి. అరిసెల పాకం దీనికి పనికిరాదు, వేరుశనగ చిక్కీకి పట్టే ముదురు పాకమే కావాలి.

పొయ్యి ఆపాకే అర చెంచా కారం, కాస్త ఉప్పు, మిరియాల పొడి వేయండి. మంట మీద వేస్తే కారం మాడి ఇల్లంతా దగ్గులే. వెంటనే పప్పు కలిపి, నెయ్యి రాసిన పళ్లెంలో పరిచి, వేడి మీదే రెండు స్పూన్లతో విడదీయండి.

పూర్తిగా ఆరాకే డబ్బాలో పెట్టి మూత బిగించండి, వానాకాలమైతే మరీనూ.